రెండో ఎండ

రుమ్యానా చనిపోయిందని తెలియక త్రివేణి ఆవిడ కోసం రెండు గంటలు వెతికింది.

మిషిగన్‌లోని ట్రాయ్ ఊళ్లో ఆ అపార్ట్‌మెంట్లలో మెయిల్‌బాక్సుల గోడ మీద, లాండ్రీ రూమ్ తలుపు మీద, చెత్త డబ్బాల పక్కనున్న స్తంభం మీద, అన్నిచోట్లా ఒకటే కాగితం. చుట్టూ నల్ల అంచు, మధ్యలో నవ్వుతున్న ముసలావిడ ఫొటో, కింద అర్థంకాని అక్షరాలు. ఫొటో వేసి స్తంభానికి అంటించారంటే మనిషి తప్పిపోయినట్టే కదా అనుకుంది త్రివేణి. కూతురు నిధి, అల్లుడు నీరజ్ ఆఫీసులకి పోయారు. అడగడానికి ఇంట్లో ఎవరూ లేరు. స్తంభం మీది కాగితాన్ని ఊడబీకి చేత్తో పట్టుకుని బయల్దేరింది.

అది ఫిబ్రవరి. చలి ఎలాంటిదంటే, పొయ్యి వెలిగిస్తే మంట కూడా స్వెట్టరు అడిగేది. ఆ చలిలో చెరువు చుట్టూ తిరిగింది, ఇండియన్ స్టోరులో కొత్తిమీర ఏరుకుంటున్న వాళ్లందరికీ ఫొటో చూపించింది, బస్టాపులో కూర్చున్న ఒక చైనా ముసలావిడ ముఖాన్ని ఫొటోతో పోల్చి చూసి తిట్లు కూడా తిన్నది. చివరికి తమ బిల్డింగులోనే మూడో అంతస్తులో ఒక తలుపు మీద అదే కాగితం కనిపించింది. కొట్టింది. ఎవరూ పలకలేదు. బెల్లు నొక్కితే లోపల మోతకి బదులు లైటు వెలిగి ఆరడం తలుపు కింది సందులోంచి కనిపించింది.

తలుపు తీసినాయన ఎనభై ఏళ్ల వాడు. తెల్లటి కనుబొమ్మలు రెండు పిచుక గూళ్లలా ఉన్నాయి.

"మీ వైఫ్ మిస్సింగా?" అని అరిచింది త్రివేణి.

ఆయన ఆమె పెదాల వంక చూశాడు. "అవును. పదకొండు రోజులైంది."

"అయ్యో! పోలీసులకి చెప్పారా?"

"పోలీసులు చేసేదేం లేదు. తీసుకుపోయింది దేవుడు."

అప్పుడు వెలిగింది త్రివేణికి. చేతిలోని కాగితాన్ని ఎక్కడ దాచుకోవాలో తెలియలేదు. ఆయనే చెప్పుకొచ్చాడు. వాళ్లది బల్గేరియా. అక్కడ మనిషి పోతే ఇలా కాగితం వేసి తలుపులకీ చెట్లకీ అంటిస్తారట. పోయినవాళ్ల పేరు, వయసు, అన్నింటికంటే కింద దుఃఖిస్తున్నవాళ్ల పేర్లు. నలభయ్యో రోజుకి ఇంకోటి, ఆర్నెల్లకి ఇంకోటి, ఏడాదికి ఇంకోటి. వాటిని ఎవరూ పీకకూడదు. గాలీ వానే తీసుకుపోవాలి.

త్రివేణి కిందికి పోయి, గడ్డకట్టిన వేళ్లతో ఆ కాగితాన్ని స్తంభానికి మళ్లీ అంటించి వచ్చింది. నలభయ్యో రోజున ఆయన గోధుమలు ఉడికించి చక్కెరా అక్రోటు పలుకులూ కలిపి పంచాలంటే, ఆ వంట కూడా తనే చేసింది. ఆయన పేరు లూబెన్ చకరోవ్. పేరు నోరు తిరక్క కాదు గానీ, సినిమాలకి మ్యూజిక్ చేసినాయన అని తెలిసిన రోజునించి ఆవిడ "మాస్టారూ" అనే పిలిచేది. సినిమా మ్యూజిక్ వాళ్లని ఇంకోలా పిలవడం ఆవిడకి చేతకాదు.

నలభై రెండు సినిమాలు. సోఫియా నగరంలో ఒక చీకటి గదిలో, చేతిలో స్టాప్‌వాచ్ పట్టుకుని, తెర మీద వాడు తలుపు దగ్గరికి ఎన్ని సెకన్లలో నడిచాడో, ఆవిడ కన్నీరు బుగ్గ దిగడానికి ఎన్ని సెకన్లు పట్టిందో కొలిచి, ఆ కొలతకి పాట కుట్టేవాడు, దర్జీవాడిలా. ఒక్క సెకను ఎక్కువైనా కత్తెరే. అమెరికా వచ్చాక మాత్రం ఒక్క సినిమా లేదు. పాతికేళ్లు డెట్రాయిట్ చుట్టుపక్కల చర్చీల్లో, బడుల్లో పియానోలకి శ్రుతి చేసి బతికాడు. కుడి చెవి ఎప్పుడో చచ్చిపోయింది. ఎడమ చెవిలో మిషను పెట్టుకుని, దాని దగ్గర నోరు పెట్టి అరిస్తే పదింటిలో నాలుగు మాటలు అందేవి.

త్రివేణి పప్పు గిన్నె పట్టుకెళ్లినప్పుడల్లా ఆయన బల్ల మీద వేళ్లతో ఏదో కొడుతూ ఉండేవాడు. ఒకరోజు ఆవిడ పట్టేసింది. నిధిని పదకొండేళ్లు కూచిపూడి క్లాసుకి కారులో తిప్పి, మూల కూర్చుని జీడిపప్పు ఒలిచిన మనిషి. కాలు కదపడం రాదు గానీ లెక్క మాత్రం ఎముకల్లోకి ఇంకిపోయింది.

"మాస్టారూ, ఇది ఏడు కదూ! తకిట, తకధిమి. మూడూ నాలుగూ."

ఆయన కనుబొమ్మలు లేచాయి. "ఏడే. కానీ తప్పు. రెండు, రెండు, మూడు. మూడు చివర రావాలి."

"మాకు ముందే వస్తుంది."

"అందుకే మీ వాళ్లు తొందరగా అలిసిపోతారు."

"మీ వాళ్లు బయల్దేరడానికే అలిసిపోతారేమో!"

ఆ రోజు సగం పప్పు చల్లారిపోయింది. ఇద్దరూ బల్లని వాయించి వాయించి, కింద ఫ్లాట్ వాళ్లు చీపురు కర్రతో సీలింగ్ పొడిచేదాకా తగ్గలేదు.

ఆ ఏడు లెక్క ఉన్నది ఒక టేపులో. ఆయన నలభై రెండు సినిమాల్లో అన్నింటికంటే మంచి మ్యూజిక్ నలభై మూడోదానికి చేశాడు. పల్లెటూరి ఆడవాళ్లు పద్నాలుగు మందిని బస్సులో రప్పించి ఒక్క రోజులో రికార్డు చేశాడట. వాళ్లు గొంతెత్తితే స్టూడియోలో మైకు సిగ్గుపడి తల దించుకుందని ఆయన చెప్పేవాడు. వీధిలో ట్రాము ఆగిపోయి, డ్రైవరు దిగొచ్చి కిటికీ దగ్గర నిలబడి ఏడ్చాడనీ, టికెట్టు కొన్నవాళ్లు కూడా దిగి ఏడ్చారనీ చెప్పేవాడు. ఎంత నిజమో గానీ, చెప్పినప్పుడల్లా ఏడ్చేవాళ్ల సంఖ్య పెరిగేది. ఈలోగా ఆ సినిమా డైరెక్టరు దేశం వదిలి పారిపోయాడు. సినిమాని బీరువాలో పెట్టి తాళం వేశారు. టేపులు చెరిపేయమన్నారు. రికార్డింగ్ చేసిన ఇంజనీరు ఆయన భార్య రుమ్యానాయే. ఆవిడ ఒక్క రీలుని ఉప్పునీళ్ల జున్ను డబ్బాలో అడుగున దాచి ఇంటికి తెచ్చేసింది. ఒక్కో ముక్క మొదట్లో ఆవిడ గొంతే ఉంటుంది. ఫలానా సీను, ఫలానా టేకు అని.

ప్రపంచం మొత్తం మీద అదొక్కటే కాపీ. దాన్ని మెషిన్ మీద పెడితే కీచుమని అరిచి, గోధుమరంగు జిగురు వదిలి ఆగిపోయేది.

నవంబరులో చెవి డాక్టరు ఆఖరి మాట చెప్పాడు. ఎడమ చెవి లోపల ఆపరేషన్ చేసి యంత్రం పెడితే మాటలు బాగా తెలుస్తాయి. పాట మాత్రం ఇక పాటలా వినిపించదు, రేకు మీద వానలా ఉంటుంది. పెట్టకపోతే ఉన్నది కూడా మెల్లగా పోతుంది.

ఆయన త్రివేణి వంటింట్లో కూర్చుని తేల్చేశాడు. "ఆ టేపు ఒక్కసారి వింటాను. పాట నాకింకా పాటలా వినిపిస్తే ఆపరేషన్ వద్దంటాను. చెవిటివాడిగానే పోతాను, కానీ చెవిలో మిగిలిన పాటని ఎవరికీ ఇవ్వను. వినిపించకపోతే కాగితం మీద సంతకం పెడతాను."

అదీ సంగతి. టేపే పరీక్ష, టేపే తీర్పు.

నీరజ్ ఇంటర్నెట్‌లో వెతికి విషయం పట్టుకొచ్చాడు. పాత టేపుల జిగురు చెమ్మ పీల్చుకుంటుంది. సన్నటి వేడిలో ఆరబెడితే కొన్ని వారాలు బాగా ఆడుతుంది. దానికి కావలసిన మెషిన్ ఏదో చదివి అతను పగలబడి నవ్వాడు. కూరగాయలు ఎండబెట్టే డీహైడ్రేటర్. త్రివేణి వంటింట్లో అదే ఉంది. మిషిగన్ సూర్యుడు శనగపిండి చూసినా మొహం చాటేస్తాడు. ఆవిడ గుమ్మడి వడియాలూ చల్ల మిరపకాయలూ దాంట్లోనే ఎండబెట్టి ఊళ్లో సగం తెలుగువాళ్లకి పంచుతుంది.

"అత్తమ్మా, జర విను," అన్నాడు నీరజ్. "ఇది వడియం కాదు. నూట ముప్పై డిగ్రీల ఫారెన్‌హీట్, ఎనిమిది గంటలు, గంతే. ఒక్క డిగ్రీ ఎక్కువ పెట్టొద్దు. ఆఫ్ అయినంక దాంట్లనే ఒక రోజు చల్లారనియ్యాలె."

"నాకు ఎండబెట్టడం నువ్వు చెప్తావా? మీ నాన్న లాగూ వేసుకునే రోజులనించీ వడియాలు పెడుతున్నా."

"అందుకే భయం. రేపు నేను ఆఫీస్ పోతా. నువ్వు దాన్ని ముట్టకు."

ట్రేలు కడిగి, ఇంగువ వాసన పోయేదాకా తుడిచి, రీలు పెట్టారు. ఎనిమిది గంటలు అయింది. మెషిన్ ఆగింది. అంతవరకూ అంతా సవ్యమే.

మర్నాడు పొద్దున త్రివేణి మూత తీసి చూసింది. చూడకుండా ఉండలేకపోయింది. రీలు అంచుని వేలితో తాకింది. ఎక్కడో మెత్తగా తగిలినట్టనిపించింది. కిటికీ అవతల మంచు పడుతోంది, గాలంతా చెమ్మ. ఆవిడ చేతులకి తెలిసిన శాస్త్రం ఒకటుంది. వడియం మొదటి ఎండకి పైనే ఆరుతుంది. రెండో ఎండ తగలకపోతే లోపలి చెమ్మ అలాగే ఉండి, డబ్బాలోకి పోయిన నాలుగో రోజున బూజు పడుతుంది. వాళ్లమ్మ చెప్పింది, అమ్మకి అమ్మమ్మ చెప్పింది. మాస్టారి జీవితమంతా ఆ రీలులో ఉంటే సగం ఎండబెట్టి ఇస్తుందా? గుమ్మడి వడియాలకి పెట్టే నూట అరవైకి తిప్పి, మధ్యాహ్నం దాకా ఉంచింది.

తీసేసరికి ప్లాస్టిక్ స్పూలు అంచు అప్పడంలా లేచి ఉంది. టేపు అంచులు సన్నగా అలలు కట్టాయి. త్రివేణి రీలుని తువ్వాల్లో చుట్టి, గ్రైండర్ రాయి కింద పెట్టి, మూడు గంటలు దాని ముందు కూర్చుంది. అంచు మళ్లీ చదునైంది. సాయంత్రం నీరజ్ చూసి "సూపర్ అత్తమ్మా" అన్నాడు. ఆవిడ రాయిని మళ్లీ గ్రైండర్లో పెట్టేసింది.

ఆదివారం మాస్టారు తెల్ల చొక్కా వేసుకుని కూర్చున్నాడు. ఈ ఒక్క పనికోసం కొన్న పెద్ద హెడ్‌ఫోన్లు ఎడమ చెవికి అదుముకున్నాడు. త్రివేణి కోసం స్పీకరు కూడా పెట్టాడు. టేపు కదిలింది. ఈసారి కీచుమనలేదు.

మొదట రుమ్యానా గొంతు వచ్చింది. బావిలోంచి మగవాడు మాట్లాడినట్టు వచ్చింది. మళ్లీ సన్నబడింది, మళ్లీ లావెక్కింది. తర్వాత ఆ పద్నాలుగు మంది. ఒకే గొంతుతో మొదలుపెట్టినవాళ్లు నీళ్ల మీది నీడల్లా వంకర్లు పోయారు. పాట పైకి లేవబోయి జారుతుంది, లేవబోయి మాయమవుతుంది. సంగీతం తెలియని త్రివేణికి కూడా ఆ వంకర తెలిసింది.

మాస్టారు పావుగంట కళ్లు మూసుకుని విన్నాడు. ఒక్క వేలు కదల్లేదు. తర్వాత హెడ్‌ఫోన్లు తీసి, ఆవిడ పెదాల వంక చూశాడు.

"త్రివేణీ, నువ్వు చెప్పు. నీ చెవులు మంచివి. ఎలా ఉంది?"

భయపడ్డ నోరు అలవాటైన మాటే అంటుంది. ఎవరింట్లో ఏం పెట్టినా అనే మాటే వచ్చింది. "చాలా బాగుంది మాస్టారూ."

"వంకర లేదా?"

"లేదు."

ఆయన హెడ్‌ఫోన్లని బల్ల మీద పెట్టాడు. "రుమ్యానాని కూడా పోల్చుకోలేకపోయాను," అన్నాడు. సొరుగులోంచి ఆస్పత్రి కాగితాలు తీసి, ముక్కుకి కళ్లద్దాలు సర్దుకుని, మూడు చోట్ల సంతకం పెట్టాడు.

త్రివేణి నోరు తెరిచింది. ఆ నోట్లో మాట ఉంది. కానీ అది పెదాల దాకా వచ్చి, బంధువుల ఇంట్లో చెప్పులు పోగొట్టుకున్నవాడిలా గుమ్మంలోనే నిలబడిపోయింది.

తర్వాత పది రోజులు రోజూ చెబుదామనే మూడంతస్తులు ఎక్కింది. పప్పు ఇచ్చి దిగింది. ఆపరేషన్ రోజున నిధి డ్రైవ్ చేస్తుంటే వెనక సీట్లో ఆయన పక్కన కూర్చుంది. చెవి మిషను ఆస్పత్రి సంచిలో ఉంది. అప్పుడు చెప్పింది. నూట అరవై దగ్గర్నించి గ్రైండర్ రాయి దాకా అంతా, తెలుగులో, మంచు పట్టిన కిటికీ వంక చూస్తూ చెప్పింది.

నిధి కారు పక్కకి ఆపేసింది. "మమ్మీ! ఆయనకి చెప్పు. ఇంగ్లిష్‌లో. నౌ."

"లోపల చెప్తాలే. పోనీ."

"మమ్మీ, దిస్ ఈజ్ నాట్ ఓకే."

"పోనీ అన్నానా!"

మాస్టారు ఇద్దరి ముఖాలూ చూసి, తనకోసం భయపడుతున్నారనుకుని, త్రివేణి చెయ్యి తట్టాడు. ఆస్పత్రి గుమ్మంలో ఒక నర్సు ఆయన్ని చక్రాల కుర్చీలో కూర్చోబెట్టి తీసుకుపోయింది. అంతే.

నెల తర్వాత యంత్రం ఆన్ చేశారు. మొదట్లో మాటలు డబ్బాలో చెంచా ఆడించినట్టు వినిపించేవట. మార్చి వచ్చేసరికి ఆయన ఫోన్‌లో కూడా మాట్లాడుతున్నాడు. త్రివేణి వంటింట్లోకి వచ్చి కూర్చుని, చిన్న పిల్లాడిలా ఒక్కో మోతనీ అడిగేవాడు. కుక్కర్ కూత విని, చిలకని పీక నొక్కుతున్నట్టుందన్నాడు. "నువ్వు ఇంత మాట్లాడతావని ఇన్నాళ్లూ తెలియదు. చెవిటితనంలో కొంచెం సుఖం కూడా ఉండేది," అన్నాడు. నవ్వాడు. ఆ నవ్వు చూసి త్రివేణికి అన్నం సహించేది కాదు.

ఒకరోజు ఆ రీలుని అట్టపెట్టెలో పెట్టుకుని వచ్చాడు.

"దీన్ని యూనివర్సిటీకి పంపుతున్నాను. నా చెవులకి అందలేదు, పోనీ. మంచి చెవులున్న పిల్లలు వింటారు. నువ్వే అన్నావుగా, బాగుందని."

త్రివేణి స్టవ్ ఆపేసింది. ఇక దాచడానికి వీల్లేదు. ఆ పిల్లలు ఆ వంకరే విని, ఇదీ చకరోవ్ పనితనం అనుకుంటారు.

"పంపకండి మాస్టారూ. అది పాడైపోయింది. నేనే పాడుచేశాను."

ఈసారి ఆయనకి ప్రతి మాటా వినబడింది. అరవనక్కర్లేకపోయింది. అదే పెద్ద శిక్ష అనిపించింది ఆవిడకి, అంత మెల్లగా చెప్పినా అందడం.

"ఎన్ని డిగ్రీలు?" అన్నాడాయన.

"నూట అరవై."

"ఎన్ని గంటలు?"

"ఐదు."

"ఎందుకు?"

"వడియాలకి రెండో ఎండ పెడతాం మాస్టారూ. పెట్టకపోతే బూజొస్తుంది. మంచికే అనుకున్నా."

ఆయన అట్టపెట్టె మీద చెయ్యి పెట్టాడు. "అంటే ఆ రోజు వంకర ఉంది."

"ఉంది."

"నాకు వంకరగానే వినిపించింది. అంటే ఆ రోజు నా చెవి సరిగ్గానే విన్నది."

"అవును మాస్టారూ."

"నా చెవి నిజం చెప్పింది. నేను నీ మాట నమ్మాను."

అరుస్తాడనుకుంది. అరిస్తే బాగుండేది. ఆయన పెట్టెని చంకలో పెట్టుకుని, టోపీ తీసుకుని, తలుపు నెమ్మదిగా మూసి వెళ్లిపోయాడు.

ఎనిమిది రోజులు తలుపు తియ్యలేదు. గుమ్మంలో పెట్టిన గిన్నెలు అక్కడే ఉండేవి. తొమ్మిదో రోజు పొద్దున త్రివేణి పాలకని బయటికి వస్తే తన తలుపు మీద కాగితం ఉంది. నల్ల అంచు. మెయిల్‌బాక్సుల మీదా అదే, లాండ్రీ తలుపు మీదా అదే, చెత్తడబ్బాల స్తంభం మీదా అదే. ఫొటో ఉండాల్సిన చోట ఖాళీ రీలు బొమ్మ. ఈసారి ఇంగ్లిషులో రాశాడు, ఆవిడ చదవాలని కాబోలు. కూడబలుక్కుంటూ చదివింది.

ఒక సినిమాకి పదకొండు ముక్కల సంగీతం. పుట్టింది 1979, సోఫియా. పోయింది 2023, ట్రాయ్, మిషిగన్. వయసు నలభై నాలుగు. బతికుండగా ఎవరూ వినలేదు.

కింద, దుఃఖిస్తున్నవాళ్లు అన్న చోట రెండు పేర్లు. లూబెన్ చకరోవ్. త్రివేణి.

పోగొట్టిన దాన్ని చూపించి వేలెత్తలేదు. అలాగని క్షమించానని కూడా ఎక్కడా లేదు. చావింట్లో కూర్చోబెట్టాడు, అంతే. పాలప్యాకెట్ సంగతి మరిచిపోయి ఆవిడ తలుపుకి ఆనుకుని నిలబడింది. సాయంత్రం నీరజ్ వచ్చి "అత్తమ్మా, లీజింగ్ ఆఫీస్ వాళ్లు కాగితాలన్నీ తియ్యమంటున్నరు" అంటే, "ముట్టుకున్నావంటే చెయ్యి విరిచేస్తా" అంది. అల్లుడితో ఆవిడ అంత మెల్లగా ఎప్పుడూ మాట్లాడలేదు.

ఆ కాగితాలు వానకి తడిశాయి, గాలికి ఒక్కొక్కటీ పోయాయి. నలభయ్యో రోజున త్రివేణి గోధుమలు నానబెట్టి, ఉడికించి, చక్కెరా అక్రోటు పలుకులూ కలిపింది. ఎండబెట్టే మెషిన్‌ని ఎప్పుడో గరాజ్‌లో పడేసింది. గిన్నె పట్టుకుని మూడంతస్తులు ఎక్కింది. బెల్లు నొక్కబోయి ఆగింది. ఇప్పుడు ఆయనకి తలుపు కొట్టినా వినిపిస్తుంది. పాటకి పనికిరాని ఆ యంత్రం లెక్క మాత్రం తప్పకుండా చెబుతుందని ఆయనే ఒకసారి అన్నాడు, కుక్కర్ కూతలు లెక్కపెడుతూ.

వేళ్లు మడిచి కొట్టింది. తకిట, తకధిమి.

లోపల్నించి చప్పుడు లేదు. గిన్నె వేడి చేతిని కాలుస్తోంది. మళ్లీ కొట్టింది, మూడూ నాలుగూ.

చాలాసేపటికి, తలుపుకి అవతలి వైపునుంచి, సరిగ్గా ఆమె చెయ్యి ఉన్నచోటే చెక్క మోగింది. రెండు. రెండు. మూడు.

తలుపు తెరుచుకోలేదు. త్రివేణి గిన్నెని చంకకి మార్చుకుని, ఈసారి ఆయన చెప్పినట్టే, మూడుని చివర పెట్టి కొట్టింది.